పాత్రిసియో గుజ్మాన్ చిత్రాలను ఏ వరుసలో చూడాలి?

ప్రశ్న: చిలీ డాక్యుమెంటరీ దర్శకుడు గుజ్మాన్ తొలినాళ్లలో ఊరేగింపులను, కార్మికుల సభలను చిత్రించి, తరువాత ఎడారి, సముద్రం, పర్వతాల వైపు మళ్లారు. దీనిని రాజకీయాల నుంచి తప్పుకోవడంగా భావించవచ్చా? ఆయన చిత్రాలను ఏ వరుసలో చూడమంటారు?

జవాబు: తప్పుకోవడం కాదని నా అభిప్రాయం. చిలీలో ఎన్నికైన ప్రభుత్వాన్ని కూల్చిన 1973 సెప్టెంబరు 11 నాటి సైనిక తిరుగుబాటు తరువాత ఆయనను శాంటియాగోలోని నేషనల్ స్టేడియంలో నిర్బంధించారు. అప్పటికే తీసిన ఫిల్మును రహస్యంగా దేశం దాటించి, క్యూబాలో ఎడిట్ చేసి, మూడు భాగాల ‘బ్యాటిల్ ఆఫ్ చిలీ’గా పూర్తిచేశారు. దాని ఛాయాగ్రాహకుడు హోర్హే ముల్లర్‌ను 1974లో పట్టుకుపోయారు. ఆయన తిరిగి రాలేదు. 2010 నాటి ‘నోస్టాల్జియా ఫర్ ది లైట్’లో కనిపించే అటకామా ఎడారి గాలిలో తేమ దాదాపు లేనందువల్లే అక్కడి టెలిస్కోపులు సుదూర నక్షత్రాలను స్పష్టంగా చూడగలుగుతున్నాయి, ఆ పొడితనమే నేలలోని మానవ అవశేషాలను కూడా చెడిపోకుండా ఉంచుతుంది కనుక, ఖగోళ శాస్త్రవేత్తలు ఆకాశాన్ని పరిశీలిస్తున్న చోటనే, సైనిక పాలనలో అదృశ్యమైన తమవారి ఎముకల కోసం స్త్రీలు ఇసుకను వెతుకుతుంటారు.

మరొక జవాబు: ‘పెర్ల్ బటన్’ (2015) కూడా ఇదే కోవలోనిది. సైనిక పాలనలో ఖైదీల దేహాలకు రైలు పట్టాలు కట్టి సముద్రంలో పడవేశారు. చాలా ఏళ్లకు పైకి తీసిన ఒక పట్టాకు చొక్కా గుండీ అతుక్కుని ఉంది. (ఈ చిత్రంలో వ్యాఖ్యానం కాస్త ఎక్కువైందని నాకు అనిపిస్తుంది.)

అడిగినవారు: అయితే విడుదలైన క్రమమే మేలంటారా?

మొదట జవాబిచ్చినవారు: చిలీ చరిత్ర కొత్తయితే ఆ క్రమం కష్టం. ముందుగా అటకామా చిత్రాన్ని, ఆ తరువాత ‘బ్యాటిల్ ఆఫ్ చిలీ’ని చూడండి.