‘లీ’ అక్షరానికి ‘లిన్నేయా’: మన ఆడబిడ్డకు స్వీడన్ పూవు పేరు పెట్టవచ్చునా?

హనుమకొండ నాన్న (చర్చ ప్రారంభం)

మా పాప భరణి నక్షత్రం మొదటి పాదంలో పుట్టింది కనుక ‘లీ’ అక్షరంతో పేరు పెట్టమని అయ్యగారు చెప్పారు. డిగ్రీ కళాశాలలో వృక్షశాస్త్రం బోధించే నా భార్య ‘లిన్నేయా’ అనే పేరు సూచించింది. అది స్వీడన్‌లో ఆడపిల్లలకు పెట్టుకునే పేరు, ఒక అడవి పూవు పేరు. పరకాల దగ్గరి పల్లెలో ఉండే మా అమ్మ ఆ పేరును ఒకటికి రెండుసార్లు పలికి చూసి, చివరికి ‘లిన్నవ్వ’ అని నవ్వింది. ఆ నవ్వులో ఇష్టం కనిపించలేదు. తొట్టెలలో వేసే రోజు దగ్గర పడుతోంది. మంచిదనేవారూ, వద్దనేవారూ కారణాలు చెప్పి రాయవలసిందిగా కోరుతున్నాను.

చెట్టూచేమా

ముందుగా ఆ పేరు పుట్టుక చెబుతాను. మొక్కలకూ జంతువులకూ రెండు మాటల శాస్త్రీయ నామాలు పెట్టే పద్ధతిని స్థిరపరచిన కార్ల్ లిన్నేయస్ 1707లో స్వీడన్‌లోని స్మాలాండ్‌లో జన్మించాడు. ఆయన తండ్రికి మొదట ఇంటిపేరు లేదు. విశ్వవిద్యాలయంలో చేరేటప్పుడు ఒక ఇంటిపేరు కావలసి వచ్చి, తమ కుటుంబ భూమిలో ఉన్న పెద్ద లిండెన్ చెట్టు మీదుగా ‘లిన్నేయస్’ అని పెట్టుకున్నాడు. మన దగ్గర మర్రి వాళ్లు, చింత వాళ్లు ఉన్నట్టే అనుకోండి. తరువాత గ్రోనోవియస్ అనే డచ్చి శాస్త్రవేత్త, లిన్నేయస్‌కు ఎంతో ఇష్టమైన ఒక చిన్న మొక్కకు ఆయన పేరే పెట్టాడు. అది ఉత్తరాది చలి అడవుల్లో నేలను అంటుకుని పాకుతుంది; నిలువుగా లేచిన సన్నని కాడ చివర రెండుగా చీలి, ఒక్కొక్క చీలికకు ఒక్కొక్క లేత గులాబీ రంగు గంట తలవంచుకుని వేలాడుతుంది. ఆ పూవు అణకువగా, ఎవరి కంటా పడకుండా, కొద్దికాలమే పూస్తుందని, ఆ విషయంలో అది తనలాంటిదేనని లిన్నేయస్ 1737లో తన మీద తానే చమత్కరించుకున్నాడు. స్వీడన్ ఉత్తరాన ఉన్న లాప్లాండ్ ప్రాంతపు దుస్తుల్లో ఉన్న ఆయన ప్రసిద్ధ చిత్రపటంలో చేతిలో ఉన్నది ఆ పూవే.

చెట్టు నుంచి ఇంటిపేరుకు, ఇంటిపేరు నుంచి పూవుకు, పూవు నుంచి ఆడపిల్లకు చేరిన పేరు ఇది. అర్థం తెలియని అక్షరాల కూర్పులను కొత్తదనం పేరుతో పిల్లలకు తగిలిస్తున్న ఈ రోజుల్లో, ఇంత చరిత్ర ఉన్న పేరును కాదనడానికి నాకు కారణం కనిపించడం లేదు.

ఐలోని మల్లన్న బిడ్డ

చెట్టూచేమా గారు చెప్పిన చరిత్ర బాగుంది కానీ, అది స్వీడన్ చరిత్ర. మన వైపు పేరు వింటేనే ఇలవేల్పు తెలిసేది. ఐలయ్య, ఐలమ్మ అంటే ఐనవోలు మల్లన్న, కొమురయ్య అంటే కొమురెల్లి మల్లన్న, రాజవ్వ అంటే వేములవాడ రాజన్న. మేడారం మొక్కు ఉన్న ఇంట్లో సమ్మక్క ఉంటుంది. అంతటి పాత పేర్లే పెట్టమని నేను పట్టుబట్టడం లేదు. అయితే ‘లీ’ అక్షరానికి మనకు పేర్లే లేనట్టు స్వీడన్ దాకా పోవడం ఎందుకు? 12వ శతాబ్దంలో భాస్కరాచార్యుడు రాసిన గణిత గ్రంథం పేరు లీలావతి. చదువుకున్న తల్లి కన్న బిడ్డకు అంతకంటే మంచి పేరు ఏముంటుంది? పైగా పంచాంగంలో ఉన్నది దీర్ఘం, మీరు పెట్టేది హ్రస్వం. (అయ్యగార్లు రెంటినీ ఒకటిగానే చూస్తారని తెలుసు, అయినా చెప్పాలనిపించింది.)

నాయనమ్మ నోటికి రాని పేరు ఆ ఇంట్లో సగం మందికి లేనట్టే లెక్క.

ప్రశ్నించేవాడు

నా అభ్యంతరం భాష గురించి కాదు. ఈ లిన్నేయసే 1758లో వెలువడిన తన వర్గీకరణ గ్రంథంలో మనుషులను ఖండాలవారీగా, ఒంటి రంగును బట్టి విడదీసి, ఒక్కొక్కరికి ఒక్కొక్క స్వభావం అంటగట్టాడు. ఆసియావారు దురాశాపరులు, అహంకారులు అని రాశాడు. ఆఫ్రికావారి గురించి రాసినది ఇంకా హీనంగా ఉంటుంది. మన బిడ్డనూ ఆ గడిలోనే కూర్చోబెట్టిన మనిషి పేరును ముద్దుగా పిలుచుకోవడం నాకు మింగుడుపడదు.

చెట్టూచేమా

ప్రశ్నించేవాడు గారు చెప్పినది నిజం, ఆ రాతలను సమర్థించను. అయితే పాపకు పెట్టబోయేది పూవు పేరు. స్వీడన్‌లో ఆ పేరు పెట్టుకునేవారూ ఎక్కువగా పూవునే తలచుకుంటారు.

ఐలోని మల్లన్న బిడ్డ గారికి ఒక మాట. మనం బతుకమ్మలో పేర్చే తంగేడుకు 1753లో శాస్త్రీయ నామం పెట్టినవాడు ఈ లిన్నేయసే. ఆయన ‘కాసియా ఆరిక్యులేటా’ అన్నాడు, తరువాత ప్రజాతి (దగ్గరి మొక్కల గుంపు, పేరులో మొదటి మాట) మారి ‘సెన్నా ఆరిక్యులేటా’ అయింది. నేడు అది తెలంగాణ రాష్ట్ర పుష్పం. గునుగుకు ‘సెలోసియా అర్జెంటియా’ అన్నదీ ఆయనే, అర్జెంటియా అంటే వెండిలాంటిది. రంగు అద్దక ముందు గునుగు కంకిని ఎండలో పట్టుకుని చూసినవారికి ఆ మాట ఎందుకు వాడాడో వేరే చెప్పనక్కరలేదు. ఇక బంతి అయితే మెక్సికో నుంచి వచ్చిన మొక్క. అది పరాయిదని బతుకమ్మలోంచి ఎవరూ తీసి పక్కన పెట్టలేదు. పూలను పూజించే ఊళ్లో పూవు పేరు పరాయిది ఎలా అవుతుంది?

బడిపంతులమ్మ

వాదాలు ఎలా ఉన్నా, పిల్ల రోజూ మోయవలసిన బరువు వేరే ఉంది. ఇంగ్లిష్‌లో ఆ పేరు చివర ‘ఈ, ఏ’ అని రాసేవారున్నారు, ‘ఏ, ఈ, ఏ’ అని రాసేవారూ ఉన్నారు. హాజరు పట్టికలో ఒకటి, ఆధార్‌లో ఒకటి, పదో తరగతి మెమోలో మరొకటి పడితే ఆ తరువాత తిరగవలసింది తల్లిదండ్రులే. చివర అచ్చు ఉంది కనుక తెలుగు నాలుకకు పేరు కష్టం కాదు. తరగతి పిల్లలు వారం తిరగకముందే ‘లిన్నీ’ అంటారు. పెట్టదలచుకుంటే మొదటి నాడే ఒక వర్ణక్రమం ఖాయం చేసుకుని, ఇంటిపేరుతో సహా కాగితం మీద రాసిపెట్టుకోవాలని నా సలహా.

ఐలోని మల్లన్న బిడ్డ

లిన్నేయస్ పుట్టకముందు కూడా తంగేడును మా అవ్వలు తంగేడు అనే పిలిచారు. ఆయన పెట్టిన పేరుతో వాళ్లకు పనిపడలేదు. బంతి సంగతి ఒప్పుకుంటాను, కానీ బంతి మన నేలలో మొలిచి, మన చేలగట్ల మీద పూసి, మన పేరు తెచ్చుకుంది. లిన్నేయా పూవు ఓరుగల్లు ఎండకు బతకదు. పాప దాన్ని చూడాలంటే బొమ్మలోనే చూడాలి. తంగేడుకు సరితూగే వాదం కాదిది. నా మాట లీలావతే.

హనుమకొండ నాన్న

అందరికీ కృతజ్ఞతలు. 1758 నాటి రాతల సంగతి నా భార్యకు ముందే తెలుసునట. ఆమె తన తరగతిలో దాన్ని కూడా చెబుతుందట. లీలావతి పేరు అమ్మకు వినిపించాను, వెంటనే ఒప్పుకుంది. ఇప్పుడు ఒప్పుకోనిది నా భార్య. పుట్టిన 21 రోజుల్లోపు జననం నమోదు చేయించాలి కదా అని కంగారుపడ్డాం కానీ, పేరు లేకుండానే నమోదు చేయించి, ఏడాదిలోపు రుసుము లేకుండా పేరు చేర్పించుకోవచ్చని తెలిసింది. జననం వరకు నమోదు చేయించి వచ్చాను. పేరు గడి ఖాళీగానే ఉంది.