శరత్తు, ఆకురాలు కాలం ఒకటేనా?

నదీ దృశ్యాలకు ప్రకృతి పద్యాలను జతచేసేవారు ‘శరత్తు’ అన్న మాట దగ్గర తరచుగా పొరబడుతున్నారని నాకు అనిపిస్తోంది. ఈ మధ్య చూసిన ఒక లఘుచిత్రంలో ఏదో చలిదేశపు నది, ఒడ్డున ఎర్రబారిన చెట్లు, నీటి మీద ఒక్కొక్కటిగా తేలిపోతున్న ఆకులు కనిపిస్తుండగా, నేపథ్యంలో నన్నయ గారి ‘శారద రాత్రు లుజ్జ్వల లసత్తర తారక హార పంక్తులం’ పద్యం వినిపించింది. గానం శ్రావ్యంగా ఉంది, దృశ్యమూ అందమైనదే, అయినా ఆ రెండింటికీ పొత్తు కుదరలేదు.

ఆశ్వయుజ కార్తిక మాసాల శరత్తు మనకు ఆకులు రాలే కాలం కాదు; వానలు వెలిసి నీరు తేటపడే కాలం. వరదతో ఎర్రగా పారిన గోదావరి నెమ్మదించేదీ, నది నడుమ లంకల్లో రెల్లు తెల్లగా పూసేదీ అప్పుడే. ఆకులు రాలడం శిశిర లక్షణం. చలిదేశాల్లో ఆకులు రాలే నెలలూ మన శరన్మాసాలూ ఇంచుమించు కలుస్తాయి కనుక ఇంగ్లీషు ‘ఆటమ్’ (autumn)కు అనువాదంగా ‘శరత్తు’ అలవాటయింది గాని, నెలలు కలిసినంత మాత్రాన ఋతువు స్వభావం కలవదు.

నన్నయ గారి పద్యంలో ఉన్నవి నక్షత్రాల వరుసలు, విచ్చిన కలువల తావి మోసే గాలి, కర్పూరపు పొడిలా ఆకాశమంతా నిండిన వెన్నెల. అంతా తెలుపే, రాలే ఆకు ఒక్కటీ లేదు, నది ప్రస్తావనా లేదు. దానికి నదినే చూపదలిస్తే వెన్నెల రాత్రి, తేటనీటి మీద చుక్కల నీడలు, గాలికి ఊగే రెల్లు చాలు.

ఆ లఘుచిత్రం కూర్పులో ఇంకొక లోపం కూడా చెప్పాలి. మొదటి పాదం ‘పంక్తులం’ అని ముగిసినా, రాత్రులు ఏమయ్యాయో తెలిసేది రెండో పాదం మొదట ‘జారుతరంబు లయ్యె’ అన్నప్పుడే. ద్రుతం (మాట చివర వచ్చే నకారం) మీద చకారం జకారమయింది గాని మాట ‘చారుతరంబు’, అంటే మిక్కిలి మనోహరం. ఆ చిత్రంలో ‘పంక్తులం’ అనగానే దృశ్యం మారిపోయి, క్రియ మరో దృశ్యం పాలయింది. ‘అయ్యె’ వరకైనా కెమెరా కదలకుండా ఉండవలసింది.

ఎర్రటి ఆకుల నదికి నేనైతే ‘ఆకురాలు కాలం’ అనే రాస్తాను. ఆ దృశ్యానికి తగిన శిశిర పద్యం మీకేదైనా గుర్తుంటే, పూర్తి పాఠంతో ఇక్కడ పంచుకోగలరు.