అమెరికాలో డిస్ట్రిక్ట్ జడ్జి అంటే మన జిల్లా జడ్జి లాంటివారేనా?

లా_విద్యార్థి:
ఎల్ఎల్‌బీ చివరి ఏడాదిలో ఉన్నాను. మాంట్‌గోమరీ (అలబామా రాష్ట్ర రాజధాని) బస్సుల్లో నల్లజాతివారికి వేరు సీట్ల మీద నడిచిన కేసు చదువుతుంటే ఫ్రాంక్ జాన్సన్ అనే డిస్ట్రిక్ట్ జడ్జి పేరు మాటిమాటికీ తగులుతోంది. మార్టిన్ లూథర్ కింగ్ గురించి, బస్సులో సీటు ఇవ్వనన్న రోజా పార్క్స్ గురించి కావలసినంత దొరుకుతుంది, ఈయన గురించి తెలుగులో నాకేమీ కనపడలేదు. ట్రయల్ కోర్టు జడ్జి అయ్యుండి సాక్షాత్తూ రాష్ట్ర గవర్నర్‌తో అన్నేళ్ళు ఎలా తలపడగలిగారు? మన దగ్గరైతే ఈపాటికి బదిలీ అయిపోయేది కదా అనిపించింది. తెలిసినవాళ్ళు చెప్పండి.

కోర్టు_హాలు:
పేరు ఒకటే గానీ పదవి వేరండీ. మన జిల్లా జడ్జిని హైకోర్టును సంప్రదించి గవర్నర్ నియమిస్తారు, బదిలీలు హైకోర్టు చేతిలో ఉంటాయి. అక్కడ జాన్సన్ లాంటి ఫెడరల్ (కేంద్ర ప్రభుత్వ కోర్టు) జడ్జిని ప్రెసిడెంట్ ఎంపిక చేస్తే సెనేట్ ఆమోదించాలి, ఆ తర్వాత జీవితాంతం పదవే. అభిశంసిస్తే తప్ప తీసేయలేరు, జీతం కూడా తగ్గించలేరు. రాష్ట్ర గవర్నర్‌కి ఆయన మీద ఏ అధికారమూ లేదు. జాన్సన్‌ని 1955లో ప్రెసిడెంట్ ఐసన్‌హోవర్ వేశారు, అప్పటికి దాదాపు 37 ఏళ్ళు. సొంత ప్రాంతం అలబామాలోని విన్‌స్టన్ కౌంటీ, అంతర్యుద్ధం నాడు దక్షిణాది విడిపోవడాన్ని ఎదిరించిన కొండప్రాంతం అది. మీరన్న గవర్నర్ జార్జ్ వాలెస్, నల్లజాతివారిని వేరుగానే ఉంచాలని పట్టుబట్టినవారు. ఆయనా జాన్సనూ లా కాలేజీలో కలిసి చదివినవాళ్ళే.

పాత_తీర్పులు:
జడ్జి అయిన ఏడాదిలోపే బస్సుల కేసు మీద పడింది. 1956 జూన్‌లో ముగ్గురు జడ్జీల బెంచ్ 2-1తో బస్సుల్లో వేరు సీట్ల చట్టం చెల్లదంది, ఆ ఇద్దరిలో ఈయనొకరు. (ఆ కేసు వేసిన నల్లజాతి మహిళల్లో రోజా పార్క్స్ లేరు, క్లాడెట్ కాల్విన్ ఉన్నారు, ఇది చాలామందికి తెలియదు.) ఆ తర్వాత బెదిరించడానికి జాన్సన్ ఇంటి ముందు శిలువ తగలబెట్టారు, మార్షల్స్ (ఫెడరల్ కోర్టుల భద్రతాధికారులు) కాపలా పెట్టాల్సి వచ్చింది, 1967లో తల్లి ఇంటి మీద బాంబు వేశారు, అదృష్టం కొద్దీ ఆమెకేమీ కాలేదు. నన్ను కదిలించేది ఇదే. సుప్రీంకోర్టు జడ్జీలు ఎక్కడో వాషింగ్టన్‌లో ఉంటారు, ఈయన మాత్రం తీర్పు చదివి సాయంత్రం అదే ఊళ్ళో ఇంటికెళ్ళాలి, ఎవరికి వ్యతిరేకంగా చెప్పారో వాళ్ళ మధ్యే బతకాలి, అదీ ఏళ్ళ తరబడి.

నిదానంగా:
అంతా నిజమే కానీ ఆయన్ని మొదటి నుంచీ వీరుడిలా చూడకండి. అలబామాలోని టస్కీగీ ఊరి సరిహద్దుని 28 భుజాల ఆకారంలోకి మార్చి నల్లజాతి ఓటర్లని దాదాపు అందరినీ బయటికి నెట్టేస్తే, ఆ కేసుని కొట్టేసింది ఈయనే. 1960లో సుప్రీంకోర్టు ఆ తీర్పుని తిప్పికొట్టింది. 1965లో నల్లజాతివారి ఓటు హక్కు కోసం సెల్మా నుంచి మాంట్‌గోమరీకి పాదయాత్రగా బయల్దేరిన జనాన్ని సెల్మా వంతెన మీద పోలీసులు చావబాదాక కూడా, వాదనలు విననిదే యాత్ర వద్దని జాన్సన్ ముందు ఆపారు. విన్నాక మార్చి 17న అనుమతిచ్చారు, జరిగిన అన్యాయం ఎంత పెద్దదైతే నిరసన తెలిపే హక్కు అంత విస్తరిస్తుందని రాశారు. అయినా రోడ్డు రెండు లేన్లుగా ఇరుకైనచోట 300 మందికి మించి నడవకూడదని షరతు పెట్టారు. ఆయన పద్ధతే అది, ముందు సాక్ష్యం కావాలి.

లా_విద్యార్థి:
టస్కీగీ సంగతి నాకస్సలు తెలియదు, థ్యాంక్సండీ. ఏదైనా ఒక్క తీర్పు పూర్తిగా చదవాలంటే ఏది చదవమంటారు?

పాత_తీర్పులు:
వయట్ వర్సెస్ స్టిక్నీ. టస్కలూసాలోని బ్రైస్ మానసిక ఆసుపత్రి కేసు. ఉద్యోగాలు పోయిన సిబ్బంది కూడా కలిసి వేసిన కేసు చివరికి రోగులకి చికిత్స పొందే హక్కు ఉందా అన్న ప్రశ్న దగ్గరికి చేరింది. 1972 ఉత్తర్వు చూడండి, అనుబంధంతో మొదలుపెట్టండి. ఎనిమిది మంది రోగులకి ఒక మరుగుదొడ్డి ఉండాలని లెక్కకట్టి మరీ రాశారు. ఆ ఒక్క వాక్యం చదివితే ఆ ఆసుపత్రి ఎలా ఉండేదో మీకే తెలుస్తుంది.