మార్గరెట్ గార్నర్ కేసులో కోర్టును 'బిలవెడ్' నవల ఎందుకు వదిలేసింది?

ప్లీడర్_రాజమండ్రి:
అమెరికా బానిసత్వ చట్టాల గురించి ఏం చదవాలని ఇక్కడ ఒకరు అడిగితే, అందరూ టోనీ మారిసన్ 'బిలవెడ్' (1987) పేరే చెప్పారు. నాకు అభ్యంతరం ఉంది. దానికి మూలం 1856 జనవరి నాటి మార్గరెట్ గార్నర్ కేసు. బానిసగా ఉన్న ఆమె, బానిసత్వం నడిచే కెంటకీ నుంచి గడ్డకట్టిన ఒహాయో నది మీద నడిచి, భర్తా పిల్లలతో బానిసత్వం లేని ఒహాయో రాష్ట్రంలోని సిన్సినాటి చేరింది. యజమాని, మార్షళ్లు (కేంద్ర ప్రభుత్వ పోలీసు అధికారులు) వాళ్లు దాక్కున్న ఇల్లు చుట్టుముట్టగానే రెండేళ్ల కూతుర్ని గొంతు కోసి చంపింది.

అసలు కథ ఆ తర్వాతే. ఆమె లాయరు జాన్ జాలిఫ్, తన క్లయింటు మీద హత్య కేసు నడపమని పట్టుబట్టాడు. హత్య కేసు నడిస్తే ఆమె మనిషి కింద లెక్క. 1850 నాటి పారిపోయిన బానిసల చట్టం కింద పంపేస్తే యజమాని సొత్తు. ఆ చట్టం కింద కేసులు తేల్చే కమిషనర్ పెండరీ సొత్తు కిందే తేల్చాడు. నవలలో ఈ వాదనే లేదు. అందులో మార్గరెట్ స్థానంలో ఉన్న సెథ కొన్నాళ్లు జైల్లో ఉండి బయటికొచ్చి, సిన్సినాటిలోనే బతుకుతుంది.

పుస్తకాలపిచ్చి:
నవల నవలే కదా సార్. చరిత్ర కావాలంటే చరిత్ర పుస్తకం చదువుకుంటాం.

మూర్తి_నిడదవోలు:
ఆ చట్టంలో ఇంకోటి ఉంది. మనిషిని యజమానికి అప్పగిస్తే కమిషనర్‌కి 10 డాలర్లు, వదిలేస్తే 5 డాలర్లు. చట్టం రాసి మరీ ఇచ్చిన లంచం అది.

ప్లీడర్_రాజమండ్రి:
లంచం కాదండీ, ఫీజు. అప్పగించేటప్పుడు కాగితాల పని ఎక్కువని వాళ్లు చెప్పిన కారణం.

మూర్తి_నిడదవోలు:
కాగితాలకు రెట్టింపా? మనిషి బతుకు తేల్చేవాడికి ఒకవైపు తీర్పు చెబితే డబ్బులెక్కువ వస్తాయంటే దాన్ని మా ఊళ్లో లంచమనే అంటారు.

సిన్సినాటి_శైలజ:
నేనుండేది ఆ నది ఒడ్డునే. ఇటు నుంచి చూస్తే కెంటకీ ఒడ్డున ఇళ్ల కిటికీలు కూడా కనిపిస్తాయి. ఇంత దగ్గర!

ప్లీడర్ గారూ, మీరు కోర్టు కోర్టు అంటున్నారు. అదే చట్టం ప్రకారం, పారిపోయి వచ్చిన మనిషి తన విచారణలో చెప్పే సాక్ష్యం చెల్లదు. ఆమె మాటకే విలువ లేని చోట రెండు వారాలు వాదనలు జరిగాయి. ఆమెకు రక్షణగా నిలబడిన బానిసత్వ వ్యతిరేక ఉద్యమకారిణి లూసీ స్టోన్ ఆ కోర్టు హాల్లోనే, పాలిపోయిన ఆ పిల్లల ముఖాలు చూడమంది. వాళ్ల తండ్రి తెల్లవాడని నేరుగా అనలేక అలా చెప్పాల్సి వచ్చింది. ఆ తల్లి మనసులో ఏముందో రికార్డులో ఎక్కడ దొరుకుతుంది? మారిసన్ రాసింది దాన్నే.

ప్లీడర్_రాజమండ్రి:
మనసు ఊహించి రాయొచ్చు. జరిగిన తీర్పును తీసేయకూడదు. నా వృత్తంతా రికార్డుతోనే. అది లేకపోతే రేపు ఎవడైనా ఏదైనా అంటాడు.

సిన్సినాటి_శైలజ:
రికార్డు సంగతి నాకు చెప్పకండి. మా తాతగారి పొలం పంపకాల కాగితం మీద ఉన్న సంతకం మా అమ్మదే. ఆ రోజు వీధి తలుపు గడియపెట్టి, అన్నదమ్ములందరూ చుట్టూ కూర్చుని పెట్టించుకున్న సంగతి ఆ కాగితంలో లేదు. మీలాంటి ప్లీడరే ఒకాయన దాన్ని చదివి, "ఇష్టపూర్వకంగా అని రాసుందిగా అమ్మా" అన్నాడు.

ప్లీడర్_రాజమండ్రి:
ఎవరో అన్నదానికి నన్నెందుకు అంటారు? సొంత ఇంటి గొడవ తెచ్చి నామీద రుద్దితే వాదన అయిపోదు.

వెన్నెల_కె:
ఇద్దరూ కొంచెం నెమ్మదించండి ప్లీజ్. ఇంకో విషయం. 2005లో డెట్రాయిట్‌లో ప్రదర్శించిన 'మార్గరెట్ గార్నర్' ఒపేరాకు మాటలు రాసింది కూడా మారిసనే. సొత్తా, హత్యా అన్న వాదన అందులో వేదిక మీదే జరుగుతుంది. అంటే ఆవిడకు తెలియక వదల్లేదు.

ప్లీడర్_రాజమండ్రి:
తెలిసే వదిలారు, నా బాధ అదే. శైలజ గారూ, నేను కోర్టును వెనకేసుకొస్తున్నానని మీరనుకుంటున్నారు. పూర్తిగా తప్పు. నవలలో స్కూల్‌టీచర్ అనే యజమాని, ఇక ఈమె పనికిరాదని తనంతట తానే వెళ్లిపోతాడు. పాఠకుడికి వాడొక్కడే దుర్మార్గుడిగా మిగులుతాడు. నిజంలో ఆమెను నది దాటించి అప్పగించింది మార్షళ్లు, అంటే అమెరికా ప్రభుత్వం. తర్వాత ఒహాయో గవర్నర్ సాల్మన్ చేజ్ హత్య కేసు విచారణకు ఆమెను పంపమని అడిగితే, యజమాని ఆమెను వాళ్ల చేతికి చిక్కనివ్వకుండా దక్షిణానికి పంపేశాడు. ఆ దారిలో స్టీమర్ ప్రమాదంలో ఇంకో పాప నీళ్లలో పోయింది. 1858లో మిసిసిపీలో టైఫాయిడ్‌తో మార్గరెట్ చనిపోయింది. ఇదంతా చట్టప్రకారం, సంతకాలతో, ముద్రలతో జరిగింది. ఆ నేరం చట్టం పేరు మీదే ఉండాలి.

సిన్సినాటి_శైలజ:
ఈ మాట మొదటే అని ఉంటే ఇంత గొడవ లేదు. అయినా నేను ఒప్పుకోను. మార్గరెట్‌ను రెండేళ్లలోనే చావు తీసుకెళ్లింది, ఆమెను అడిగేవాళ్లు లేరు. సెథను తిరిగి పంపేసి ఉంటే, కూతుర్ని చంపుకున్న తల్లి 1873లో అదే ఊళ్లో ఎలా బతుకుతోంది, మిగిలిన పిల్ల ఆమెను చూసి ఎందుకు భయపడుతోంది అన్నది మారిసన్ ఎలా రాస్తారు? పిల్లల్ని అమ్మినవాళ్లకు శిక్ష లేదు, తల్లికి మాత్రం జీవితాంతం ఉంది. నాకు ముఖ్యం అది.

ప్లీడర్_రాజమండ్రి:
మీకు తల్లి ముఖ్యం, నాకు ఆమెను అప్పగించినవాళ్ల పేర్లు ముఖ్యం. నన్ను ఎవరైనా ఏం చదవాలని అడిగితే ముందు కేసు, తర్వాత నవల అనే చెబుతాను.

సిన్సినాటి_శైలజ:
నేను నవలే ముందంటాను. అది చదవకపోతే ఆ కేసు కోసం నేను వెతికేదాన్నే కాదు.