మా జవాబు చదవకుండానే ఇల్లు ఖాళీ చేయమన్నారు, ఇప్పుడు ఏం చేయాలి?

డొంక పక్క ఇల్లు:

అందరికీ నమస్కారం. మాది కృష్ణా జిల్లాలో ఒక మండల కేంద్రం. మా మామగారు 1984లో కట్టుకున్న రెండు గదుల పెంకుటిల్లు, వెనక వసారా, పక్కన గేదెల కొట్టం. పోయిన నెల మా అమ్మాయి కాన్పుకని నేను విజయవాడలో ఉన్నాను. మామగారికి 81 ఏళ్లు, చూపు ఆనదు. ఒక గురువారం సాయంత్రం ఎవరో వచ్చి తలుపుకి కాగితం అంటించి, ఫోటో తీసుకుని వెళ్లారట. అది భూ ఆక్రమణల చట్టం కింద ఇచ్చే సెక్షన్ 7 నోటీసు. మా ఇల్లు డొంక పోరంబోకులో (దారి కోసం ఉన్న సర్కారు స్థలంలో) ఉందట, ఏడు రోజుల్లో సంజాయిషీ ఇవ్వాలట. కాగితం మీద తేదీ చూస్తే అంటించిన రోజుకి ఐదు రోజుల ముందుది. మాకు మిగిలింది రెండు రోజులు.

బాలింతను వదిలి పరుగున వచ్చాను. ఇది గ్రామకంఠం (ఊళ్లో ఇళ్లున్న స్థలం), డొంక మా ప్రహరీకి అవతల ఉంది, కొలిచేటప్పుడు మమ్మల్ని పిలవలేదు అని చేత్తో రాసి, 1986 నుంచి ఉన్న ఇంటి పన్ను రసీదులు జతచేసి ఆఫీసు తపాలు విభాగంలో ఇచ్చాను. నా కాపీ మీద స్టాంపు వేయించుకున్నాను. పదకొండో రోజు ఖాళీ చేయమని సెక్షన్ 6 ఆర్డరు వచ్చింది. 'సంజాయిషీ సంతృప్తికరంగా లేదు' అని ఒకే ఒక్క లైను. ఎందుకు లేదో రాయలేదు. సర్వే రిపోర్టు చూపించలేదు. పిలిచి ఒక్క మాట అడగలేదు.

మామగారు సరిగా అన్నం తినడం లేదు. "దొంగతనంగా కట్టుకున్నానా అమ్మా?" అంటున్నారు. చాలా టెన్షన్‌గా ఉంది.

రిటైర్డ్ డీటీ:

అమ్మా, డిప్యూటీ తహసీల్దారుగా ఇలాంటి నోటీసులు నా సర్వీసులో నేనూ రాశాను, అందుకే చెబుతున్నాను. ఇది 1905 నాటి భూ ఆక్రమణల చట్టం. సెక్షన్ 7 కింద అడిగి, మీరు చెప్పింది చూశాకే సెక్షన్ 6 కింద ఖాళీ చేయించాలి. చూశామని తెలియాలంటే ఆర్డర్లో కారణాలు ఉండాలి. మీ పన్ను రసీదుల ప్రస్తావన ఉందా? గ్రామకంఠం అన్న మాటకు జవాబు ఉందా? లేకపోతే అదే మీ మొదటి పాయింటు.

ఒక సంగతి మాత్రం దాచకుండా చెప్పాలి. పన్ను రసీదు, కరెంటు బిల్లు మీరు అక్కడ ఉంటున్నారని చూపిస్తాయి గానీ స్థలం మీదేనని రుజువు చేయవు. అసలు తగాదా హద్దు దగ్గర ఉంది. ఎఫ్‌ఎంబీ (సర్వే కొలతల పటం) నకలు, ఆర్‌ఎస్‌ఆర్ (సర్వే నంబర్ల వారీగా భూమి వివరాలుండే పాత రిజిస్టరు) నకలు, వాళ్లు చేసిన సర్వే రిపోర్టు, పంచనామా అన్నీ రాతపూర్వకంగా అడగండి. ఇవ్వకపోతే సమాచార హక్కు దరఖాస్తు కూడా పెట్టండి. నోటీసు ఏ తేదీన అంటించారో ఇరుగుపొరుగు ఇద్దరి చేత రాయించి పెట్టుకోండి, తర్వాత ఎవరికీ గుర్తుండదు.

గుంటూరు లాయరు:

మేడమ్, సెక్షన్ 10 కింద అప్పీలు వేయండి, దాంతోపాటే స్టే పిటిషన్ కూడా. అప్పీలు వేసినంత మాత్రాన కూల్చడం ఆగదు, చాలామంది ఇక్కడే దెబ్బతింటారు. జేసీబీ వస్తుందన్న భయం ఉంటే హైకోర్టులో రిట్ వేయవచ్చు. అప్పీలు దారి ఉన్నా, వినకుండా ఆర్డరు ఇచ్చారన్నప్పుడు కోర్టు జోక్యం చేసుకోగలదు.

ఉస్మానియా యూనివర్సిటీ కోసం సేకరించిన హబ్సిగూడ భూముల కేసులో 1982లో సుప్రీంకోర్టు ఒక మాట చెప్పింది. హక్కు మీద నిజమైన వివాదం ఉంటే ప్రభుత్వం తనకు తానే తీర్పు ఇచ్చుకుని ఈ చట్టం కింద గబగబా ఖాళీ చేయించకూడదు, సివిల్ కోర్టుకు వెళ్లాలి. గ్రామకంఠంలో ఇళ్లున్న స్థలాన్ని సర్కారు భూమి అనేయడం కుదరదని మన హైకోర్టు కూడా పలుమార్లు చెప్పింది.

డొంక పక్క ఇల్లు:

2024లో బుల్డోజర్ల మీద వచ్చిన తీర్పులో 15 రోజుల నోటీసు ఉండాలన్నారని మా తమ్ముడు అంటున్నాడు. అది మాకు వర్తిస్తుందా సర్?

గుంటూరు లాయరు:

దాని మీదే ఆధారపడకండి మేడమ్. రోడ్డు, ఫుట్‌పాత్, రైలు పట్టాల పక్క స్థలం, నది లాంటి చోట్ల ఉన్న కట్టడాలను ఆ తీర్పు మినహాయించింది. డొంక అంటే దారి కాబట్టి అవతలివాళ్లు అదే ఎత్తుకుంటారు. మీ ఇల్లు డొంకలో లేదని చూపించడమే మీకు బలం.

రిటైర్డ్ డీటీ:

అవునమ్మా. ఎఫ్‌ఎంబీలో డొంక వెడల్పు ఎన్ని లింకులో చూసి, ఎదుటి వైపు సర్వే రాయి నుంచి కొలవండి.

డొంక పక్క ఇల్లు:

ఎఫ్‌ఎంబీ నకలు నిన్న చేతికొచ్చింది. డొంక వెడల్పు 30 లింకులు, అంటే దాదాపు 20 అడుగులు. ఈ ఉదయం ఎదుటి రాయి దగ్గర మామగారిని కుర్చీలో కూర్చోబెట్టి, టేపు ఒక కొస ఆయన చేతికిచ్చాను. మా ప్రహరీ వరకు 21 అడుగుల 4 అంగుళాలు వచ్చింది. మళ్లీ కొలవమన్నారు, అంతే వచ్చింది. అంటే మా ప్రహరీ డొంక బయటే ఉంది. ఫోటోలు తీశాను. సోమవారం అప్పీలు, స్టే పిటిషన్ రెండూ వేస్తున్నాం.