బాలు గారు సంగీత దర్శకుడిగా నిలబడ్డారా? గొంతు నీడలో పడిపోయారా?

పెన్నాగట్టు: మన నెల్లూరోళ్లకి కోపం వచ్చినా సరే, చెప్తా. బాలు గారు 1977లో 'కన్యాకుమారి'తో సంగీత దర్శకుడయ్యారు. సంగీత దర్శకుడు చక్రవర్తి ట్యూన్ అయితే రెండు లైన్లకే పట్టేస్తాం. ఇది బాలు ట్యూన్ అని అట్లా చెప్పగలమా? పాడటం అసలు పని, ఇది సరదా.

కావలి కీబోర్డు: అన్నా, సరదాకి చేసిన పనైతే 'మయూరి' (1985) ఏంది? దర్శకుడు సింగీతం గారిది ఉదయగిరి, సంగీతం మన బాలు గారిది. మా ఆర్కెస్ట్రా ఒకసారి పురమందిరంలో డ్యాన్స్ ప్రోగ్రాంకి 'ఈ పాదం' వాయించింది. పల్లవి, చరణాలు సులువుగానే వచ్చేశాయి. మాటల్లేని చోటే చచ్చాం. సింగర్ మైకు పట్టుకొని నిలబడింది, తబలా అబ్బాయి డ్యాన్సర్ కాళ్లకేసి చూస్తూ చెమటలు కక్కాడు. అడుగు తెలియని మనిషి కట్టే పాటా అది?

ఒంగోలు మేడమ్: పాట బాగుంది, కాదనను. కానీ 'సాగర సంగమం' (1983) కూడా నాట్యం సినిమానే. పాడింది బాలు గారే, సంగీతానికి జాతీయ అవార్డు వచ్చింది ఇళయరాజాకి. రాజాకి పొద్దున లేస్తే అదే పని. రీరికార్డింగ్ అంటే సీన్ల వెనక వచ్చే సంగీతం, దానికి రీలు తిప్పించుకుంటూ సెకన్లు లెక్కేసుకొని కూర్చోవాలి. పొద్దస్తమానం ఏదో ఒక భాషలో పాడే మనిషికి అంత తీరికెక్కడిది?

కావలి కీబోర్డు: తీరిక సంగతి ఒప్పుకుంటా మేడమ్. అయితే ఆ రోజుల్లో రీరికార్డింగ్‌ని ఎవరు పట్టించుకున్నారు? క్యాసెట్లో పాటలే ఉండేవి, మిగతాది హాల్లోనే ఆగిపోయేది. ఇప్పుడు జాతీయ అవార్డుల్లో పాటలకి, నేపథ్య సంగీతానికి వేర్వేరుగా ఇస్తున్నారు. 2021 సినిమాలకి 'పుష్ప' పాటలకి దేవిశ్రీకి, 'ఆర్ఆర్ఆర్' నేపథ్య సంగీతానికి కీరవాణి గారికి వచ్చాయి. 1985లో అట్లా విడిగా చూసినోళ్లు ఎంతమంది?

పెన్నాగట్టు: జాతీయ అవార్డు లేదు కాబట్టి గొప్పోడంటావా, బాగుందబ్బయా! నేనడిగింది ముద్ర గురించి.

ఒంగోలు మేడమ్: ముద్ర లేకపోవడానికి ఆ గొంతే కారణమేమో. ఆయన కట్టిన పాట ఆయనే పాడితే ట్యూన్ ఎవరికి వినిపిస్తుంది? మనం బాలుని వింటాం. 'మయూరి'లో 'ఈ పాదం' జానకమ్మ పాడారు కాబట్టే ఈ అబ్బాయి తబలా దాకా వెళ్లాడు.

పెన్నాగట్టు: ఈ మాట మాత్రం నేను ఆలోచించలేదు మేడమ్. 'పడమటి సంధ్యారాగం' కూడా ఆయన సంగీతమే కదా, ఈసారి పాటలు దాటించి మిగతాది చూస్తా. తమ్ముడూ, సౌండ్ గరగరలాడని ప్రింట్ ఎక్కడన్నా ఉంటే చెప్పు.