నోటు మురిగిపోయిందా, కాలదోషం పట్టిందా?

మొన్న చీపురుపల్లిలో తాతగారి ట్రంకుపెట్టె సర్దుతుంటే ఒక ప్రోనోటు దొరికింది. 2014 నాటిది. రెవెన్యూ స్టాంపు మీద అప్పు తీసుకున్నాయన సంతకం ఉంది. చిన్నాన్న చూసి "మురిగిపోనాది, ఏటి సేస్తాం" అని పక్కన పడేశాడు. విజయనగరంలో ప్లీడరు గుమాస్తా గారేమో "కాలదోషం పట్టింది బాబూ" అన్నారు. రెండూ ఒకటేనా? మా ఇంట్లో సెలవులు, బస్సు టిక్కెట్టు, కోడిగుడ్డు అన్నీ మురిగిపోతాయి. కాలదోషం మాత్రం పంచాంగంలోంచి ఊడిపడినట్టుంది. ('ఆలస్యం అమృతం విషం' ఎవరూ అతికించకండి, చిన్నాన్న ఇప్పటికే రెండుసార్లు చదివాడు.)

శ్రీకాకుళం నుంచి, రిటైరైన తెలుగు మాష్టారు:
ఆ 'పట్టు' చూడండి. తుప్పు పట్టింది, బూజు పట్టింది, గ్రహణం పట్టింది. పైన ఏదో కమ్మింది గానీ లోపల వస్తువు అలాగే ఉంది. మురిగితే అలా కాదు, గుడ్డే పోతుంది. నా ఓటు గుమాస్తా గారికి.

పాలకొండ వకీలు:
మాష్టారూ, దావాలకి గడువు పెట్టే 1963 లిమిటేషన్ చట్టం లెక్క కూడా అదే. అడిగినప్పుడు ఇస్తానని రాసిన నోటుకి, రాసిన తేదీ నుంచి 3 ఏళ్లు. అది దాటాక వేసిన దావాని, అవతలివాడు నోరు విప్పకపోయినా కోర్టే కొట్టేయాలి. ఆలస్యానికి కారణాలు చెప్పుకొని మాఫీ అడగడం అప్పీళ్లకి, అర్జీలకి ఉంటుంది, దావాకి లేదు. 'ఒంట్లో బాలేదండీ' అంటే కుదరదు. కానీ అప్పు చావదు, కోర్టు తలుపే మూసుకుంటుంది. బాకీదారు తనంతట తాను ఇస్తే పుచ్చుకోవచ్చు. ఆ పాత బాకీ తీరుస్తానని కొత్తగా రాసి సంతకం పెడితే, కాంట్రాక్టు చట్టం 25వ సెక్షను ప్రకారం అది చెల్లుతుంది. తుప్పు గీకినట్టే కదా!

మొదట అడిగినవారు:
నోటు వెనక 2016లో రెండు వేలు ముట్టినట్టు చెల్లు రాసి ఉందండీ. దాంతో గడువు పెరగదా?

పాలకొండ వకీలు:
చేతిరాత ఎవరిది?

మొదట అడిగినవారు:
తాతగారిదే. సంతకం ఎవరిదీ లేదు.

పాలకొండ వకీలు:
అయితే పనికిరాదు. గడువు లోపల డబ్బు కట్టడంతో సరిపోదు, కట్టినవాడి చేతిరాతో సంతకమో ఉండాలి. ఉంటే ఆ రోజు నుంచి మళ్లీ 3 ఏళ్లు వచ్చేవి, అవీ 2019లో అయిపోయేవి. మన వైపు పెద్దలు చెల్లు తామే రాసుకొని పెట్టెలో దాచేస్తారు, అక్కడే వస్తుంది తంటా.

రాజాం నుంచి:
మరి భూమి? మా మేనమామ చెక్క ఇంకొకడు దున్నుకుంటున్నాడు.

పాలకొండ వకీలు:
అక్కడ 'మురిగిపోనాది' అన్న ఆ చిన్నాన్న మాటే సరి. 'ఇది నాదే' అని అసలు హక్కుదారుకి ఎదురుగా, బాహాటంగా 12 ఏళ్లు అనుభవిస్తే, లిమిటేషన్ చట్టం 27వ సెక్షను ప్రకారం హక్కే పోతుంది, దావా ఒక్కటే కాదు. కౌలుకో, మాట మీదో ఇచ్చిన భూమికి ఆ 12 ఏళ్లూ ఊరికే నడవవు. ముందు మీ మామయ్య ఎలా ఇచ్చారో కనుక్కోండి.

రాజాం నుంచి:
కౌలుకే ఇచ్చాడండీ, బతికిపోయాం. కానీ ఒక మాట. మా ఊళ్లో భూమి మురిగిపోయిందని ఎవరూ అనరు. 'పోనాది' అంటారు, అంతే.